గడీ లోపలి మనుషుల చిత్రకారుడు

తెలంగాణ పల్లెల్లో ఒకప్పుడు దొర నివాసమూ అధికార పీఠమూ అయిన కోటవంటి కట్టడమే గడీ. పెళ్లికూతురి వెంట అరణంగా, అంటే పుట్టింటి కానుకగా, పంపిన ఆడపిల్లలు కూలి లేని దాసీలై అక్కడే బతుకు వెళ్లదీసేవారు. స్వయంగా చిత్రకారుడైన బి. నర్సింగరావు 1988లో తీసిన ‘దాసి’ సినిమా అటువంటి గడీలోని దాసి కమలాక్షి రోజువారీ చాకిరీనీ, దొర పడకగదికి పిలుపునూ, చివరకు ఆమెపై రుద్దిన గర్భస్రావాన్నీ కన్నీటి సన్నివేశాలుగా సాగదీయక, చూసేవారు తల తిప్పుకోలేనంత నిబ్బరంగా చూపుతుంది. ఈ నిగ్రహమే ఆయన పనితనంలో అన్నిటికన్నా గొప్పది. అర్చన నటనకు, అపూర్వ కిశోర్ బీర్ ఛాయాగ్రహణానికి, చిత్రకారుడు తోట వైకుంఠం కళాదర్శకత్వానికి జాతీయ పురస్కారాలు దక్కడం న్యాయమే. అంతకుముందు, తెలంగాణ సాయుధ పోరాటాన్ని చిత్రించిన ‘మా భూమి’ (1979) నిర్మాణంలో పాలుపంచుకున్న ఆయన, ‘మట్టి మనుషులు’ (1990)లో పల్లె విడిచి నగరంలో భవన నిర్మాణ కూలీలైన వారి వెంట నడిచారు.