సాధారణీకరణకు లొంగని మృతులు: ‘మురాంబి’ నవల – జాతిసంహార స్మృతి

తెలుగు పత్రికాభాషలో ‘జెనొసైడ్’కు ‘మారణహోమం’ అనే మాట స్థిరపడింది. ఈ వ్యాసంలో ఆ మాటను ఉద్దేశపూర్వకంగానే వాడలేదు. హోమానికి కర్త ఉంటాడు, దేవత ఉంటుంది, హవిస్సు ఉంటుంది, ఫలం ఉంటుంది. చంపబడినవాళ్ళను హవిస్సుగా భావించిన క్షణంలోనే వాళ్ళ చావుకు ఒక ప్రయోజనాన్ని మనం ఒప్పుకున్నట్లవుతుంది. ‘హోలోకాస్ట్’ అనే మాటకు కూడా మూలార్థం దహనబలి. ఆష్విట్జ్ నుంచి బతికి వచ్చిన ఇటాలియన్ రచయిత ప్రీమో లేవీ ఆ మాటను ఇష్టపడకపోవడానికి కారణం ఇదే. 1944లో రఫాయెల్ లెమ్కిన్ సృష్టించిన ‘జెనొసైడ్’ అనే పదంలో బలి లేదు, యజ్ఞం లేదు. ఒక జాతి, దాని వధ మాత్రమే ఉన్నాయి. అందువల్ల ‘జాతిసంహారం’ అనే మాటే ఇక్కడ గ్రాహ్యం.

పదం గురించిన ఈ పట్టింపు పండిత చాదస్తం కాదు. సెనెగల్ రచయిత బూబకర్ బోరిస్ జోప్ 2000లో ప్రచురించిన ఫ్రెంచి నవల ‘మురాంబి: అస్థికల గ్రంథం’కు ప్రధాన సమస్య ఇటువంటిదే. చచ్చిపోయినవాళ్ళ గురించి ఏ మాటతో మాట్లాడాలి? ఆ మాట వాళ్ళను ఏం చేస్తుంది? ఈ ప్రశ్నలను మన అలంకారశాస్త్రంలోని సాధారణీకరణ భావనకు ఎదురుగా నిలిపి చూడడం ఈ వ్యాస లక్ష్యం.

1994 ఏప్రిల్ 6 రాత్రి రువాండా అధ్యక్షుని విమానం కూల్చివేతకు గురైంది. ఆ మరునాటి నుంచి సుమారు నూరు రోజులలో లక్షలాది టుట్సీలను, హత్యలను వ్యతిరేకించిన హుటూలను చంపివేశారు. నాలుగేళ్ళ తరువాత, 1998లో, ఫెస్ట్ ఆఫ్రికా అనే సాహిత్యోత్సవ నిర్వాహకులు పదిమంది ఆఫ్రికన్ రచయితలను ఆ దేశానికి తీసుకువెళ్ళారు. స్మృతి పట్ల బాధ్యతగా రాయడం అనేది ఆ ప్రణాళిక ఉద్దేశం. వెరొనిక్ తాజో, త్యేర్నో మొనెనెంబో, అబ్దురహ్మాన్ వాబెరి మొదలైనవారి రచనలు దాని ఫలితాలే. జోప్ నవల వాటిలో ఒకటి. జోప్ బాధితుడు కాడు, సాక్షి కాడు, ఆ దేశస్థుడూ కాడు. లేవీ వంటి రచయితకు తన దేహం మీది అంకెలే అధికారపత్రం. అయినా చివరిదాకా మునిగిపోయినవాళ్ళే పూర్ణసాక్షులని, తిరిగి వచ్చిన తాను కాదని ఆయనే చెప్పుకున్నాడు. ఆ పాటి అధికారం కూడా లేని పరాయివాడు ఏ అర్హతతో రాయాలి?

ఈ ప్రశ్నను జోప్ పీఠికలో చర్చించడు, కథలో పెడతాడు. కథానాయకుడు కొర్నీలియస్ బాల్యంలోనే దేశం విడిచిపెట్టి, జిబూతీలో చరిత్ర బోధించి, పాతికేళ్ళ తరువాత 1998లో స్వదేశానికి వస్తాడు. జాతిసంహారం మీద ఒక నాటకం రాయాలని, ఒక ఫ్రెంచి సైన్యాధికారిని పాత్రగా పెట్టి ప్రహసన ధోరణిలో నడపాలని అతని ఊహ. తల్లి టుట్సీ, తండ్రి హుటూ. తన కుటుంబం బాధిత కుటుంబమని అతడు అనుకుంటూ ఉంటాడు. బాల్యమిత్రురాలు జెసికా నోట నిజం వింటాడు. మురాంబి సాంకేతిక పాఠశాలకు రక్షణ పేరుతో వేలాదిమందిని చేర్పించి చంపించినవాడు తన తండ్రి, డాక్టర్ జోసెఫ్ కరెకెజి. ఆ చనిపోయినవాళ్ళలో అతని భార్యా బిడ్డలు, అంటే కొర్నీలియస్ తల్లీ తోబుట్టువులు కూడా ఉన్నారు. నాటకం అక్కడితో ఆగిపోతుంది. నవల మాత్రం కొనసాగుతుంది. తన కృతిలోనే ఒక కృతిని విఫలం కానివ్వడం ద్వారా జోప్ తన అర్హతా ప్రశ్నకు సమాధానం వెతికాడు. ఇది కేవలం కథనశిల్పం కాదు. ఎందుకంటే అంతకుముందు 1997లో వచ్చిన తన నవలలో రువాండాను తాను సరిగా అర్థం చేసుకోలేదని జోప్ తరువాతి కాలంలో అంగీకరించాడు.

ఇక సాధారణీకరణ. భట్టనాయకుని ప్రకారం కావ్యంలోని విభావాదులు తమ వైయక్తికతను విడిచి సర్వసామాన్యమవుతాయి. సీత సీతగా కాక కాంతగా భాసిస్తుంది. అప్పుడే సహృదయునికి రసాస్వాదం. అభినవగుప్తుడు రసవిఘ్నాలను లెక్కించేటప్పుడు స్వ-పర సంబంధమైన దేశకాల విశేషావేశాన్ని వాటిలో చేర్చాడు. ఈ దుఃఖం నాదనో ఫలానా వాడిదనో, ఫలానా ఊళ్ళో ఫలానా రోజునాటిదనో మనసు పట్టుకున్నంతసేపూ రసం లేదు. కరుణరసం ఆస్వాదయోగ్యం కావడానికి ఈ విడుదలే కారణం.

రువాండాలో వైయక్తికతను ముందుగా తొలగించినవాడు కవి కాడు, హంతకుడు. బెల్జియన్ వలస ప్రభుత్వం 1930లలో ప్రవేశపెట్టిన గుర్తింపు కార్డుల మీది జాతి నమోదు, 1994లో రోడ్డు అడ్డంకుల దగ్గర బతుకుకీ చావుకీ నిర్ణాయకమైంది. ఆర్‌టీఎల్‌ఎం రేడియో టుట్సీలను ‘ఇన్యెంజి’, అంటే బొద్దింకలు, అన్నది. ఆ మాటలో పేరు లేదు, ఊరు లేదు, వయసు లేదు. ఇది కూడా ఒక సాధారణీకరణమే, క్రూరమైన అర్థంలో. హంతకుడు చెరిపివేసిన విశేషాలను, రసం కోసమైనా సరే, రచయిత మళ్ళీ చెరిపితే ఏమవుతుంది? ఇక్కడ రసవిఘ్నమే రచయిత ధర్మమవుతుందని నా ప్రతిపాదన. దీనివల్ల రససిద్ధాంతం కాలం చెల్లిందని అనడం లేదు. దాని సరిహద్దు ఎక్కడుందో ఇటువంటి రచనలు చూపుతాయి.

నవల నిర్మాణం ఈ దృష్టికి బలమిస్తుంది. నాలుగు భాగాలలో మొదటిది, మూడవది ఉత్తమపురుషలో సాగే వేర్వేరు గొంతులు. ప్రతి దానికీ శీర్షికగా ఒక మనిషి పేరు ఉంటుంది. కిగాలీలో వీడియో దుకాణం నడుపుకొనే మిషెల్ సెరుముందో కంఠంతో నవల మొదలవుతుంది. ఒకసారి మాట్లాడి అతడు తెరమరుగవుతాడు. పాఠకుడు అతని కోసం ఎదురుచూస్తాడు. నవల అతనిని తిరిగి తీసుకురాదు. దుఃఖం పెరిగి పక్వం కావడానికి వ్యవధి లేదు. తెగిపోయిన ఆ గొంతుకు విషాదాంతం కూడా దక్కదు.

అంతకంటే క్లిష్టమైనవి హంతకుల స్వగతాలు. ఇంటెరహామ్వే సభ్యుడు ఫౌస్తిన్ గసానా బయలుదేరే ముందు జబ్బుతో ఉన్న తండ్రిని చూడబోతాడు. పాత తరం పని అసంపూర్తిగా వదిలేసిందన్న అసహనం ఆ ముసలివాడిది. ఇద్దరి మధ్యా నడిచేది ఇంటి సంభాషణే. డాక్టర్ కరెకెజి స్వగతంలోనూ ఉన్మాదం కనిపించదు, నిర్వహణ సామర్థ్యం కనిపిస్తుంది. ‘నేను’ అన్న ప్రతి గొంతుతోనూ తాదాత్మ్యం చెందడం పాఠకుని అలవాటు. ఇక్కడ ఆ అలవాటే అతనిని ఇరకాటంలో పెడుతుంది. భయానకానికి ఆలంబనం రాక్షసుడైతే పాఠకుడు సుఖంగా ఉండేవాడు.

ఫ్రెంచి సైన్యాధికారి కర్నల్ పెరాఁ అధ్యాయం ఈ స్థాయిలో లేదు. ఫ్రాన్స్ పాత్ర గురించి రచయిత చెప్పదలచినది పాత్ర నోట వ్యాసంలాగా వినిపిస్తుంది. జెసికా కూడా అతిగా నిర్దోషి. ఆమె పనిచేసిన రువాండా దేశభక్త సైన్యం తన వంతు హింసకు జవాబు చెప్పుకోవలసిన ప్రశ్నలు నవల బయటే ఉండిపోయాయి. విశేషాన్ని కాపాడాలన్న నియమాన్ని జోప్ ఈ రెండు చోట్లా సడలించాడు.

నవలలో అత్యంత బాధాకరమైన సన్నివేశం న్యామాత చర్చిలో వస్తుంది. అక్కడ మృతదేహాలను పూడ్చకుండా ప్రదర్శనకు ఉంచారు. అత్యాచారానికి గురై హతురాలైన ఒక స్త్రీ దేహం వాటిలో ఒకటి. జెసికాకు ఆమె తెలుసు. ఆమె పేరు తెరేజా. చూసేవాడికి అది సాక్ష్యం, ఎరిగినవాడికి అది అవమానం. మురాంబిలో కూడా సున్నం పూసిన కళేబరాలు తరగతి గదులలో ఉన్నాయి. జరిగినదాన్ని కాదనేవాళ్ళ ముందు ఎముకలే చివరి ఋజువు. కానీ ఆ ఋజువు నిలవాలంటే ఒక స్త్రీ మరణానంతరం కూడా నగ్నంగా పడి ఉండాలి. జోప్ దీనికి పరిష్కారం చూపడు. దేహాన్ని క్లుప్తంగా వర్ణించి పేరు దగ్గర ఆగుతాడు. వర్ణన పెంచి ఉంటే నవల కూడా ఆ ప్రదర్శనశాలలో ఒక గది అయ్యేది.

నాటకాన్ని విడిచిన కొర్నీలియస్ చివరకు అలంకారాలు లేని మాటలతో జరిగినది చెప్పుతూ ఉండాలని నిశ్చయిస్తాడు. జోప్ పూర్వనవలలు సంక్లిష్ట కథనాలు. ఈ నవల వాక్యం పొట్టిది, పొడిది. రువాండా అనుభవం తరువాత ఆయన ఫ్రెంచి వదలి మాతృభాష వోలోఫ్‌లో ‘దోమి గోలో’ (2003) రాసి, దాన్ని 2009లో తానే ఫ్రెంచిలోకి తెచ్చాడు. రువాండా హంతక ప్రభుత్వానికి ఫ్రాన్స్ అండగా నిలిచిందన్న ఎరుక ఆ మార్పు వెనుక ఉంది. ‘మురాంబి’ని తెలుగులోకి తేదలచిన అనువాదకునికి మొదటి చిక్కు ‘ఇన్యెంజి’ దగ్గరే వస్తుంది. ‘బొద్దింక’ అని అనువదిస్తే మన వంటింటి అసహ్యం అందులోకి వచ్చి చేరుతుంది. అలాగే ఉంచితే పరాయి శబ్దం అసహ్యాన్ని దాచిపెడుతుంది. ఆ మాట హంతకుల గొంతుల్లో వచ్చిన చోట తెలుగు మాటనే పెట్టాలని, పాఠకుడు దాన్ని తన సొంత భాషలోనే వినాలని నా అభిప్రాయం.