స్వప్నవిద్యయు శిష్యదీక్షయు: "ది కిల్లింగ్ మూన్" నవలా విమర్శనము

గురుకులవాసమును వస్తువుగా గొన్న అద్భుతకథలు ఆంగ్లభాషయందు పెక్కులు గలవు. శిష్యుడు విద్యను ఎట్లు గడించెనో వర్ణించుటయే వానిలో ప్రధానము. ఆ విద్య ధర్మ్యమగునా యని విచారించునవి అరుదు. అమెరికా రచయిత్రి ఎన్. కె. జెమిసిన్ 2012 సంవత్సరమున ప్రకటించిన "ది కిల్లింగ్ మూన్" అట్టి యరుదైన కృతి. తరువాత వేరొక నవలాత్రయమునకు 2016, 2017, 2018 సంవత్సరములలో వరుసగా హ్యూగో బహుమానములను బడసి ఈమె ప్రఖ్యాతి గాంచినది. కాని గురుశిష్యధర్మమును విచారింపగోరు మనవంటివారికి ఈ పూర్వకృతియే ఎక్కువ ఉపాదేయమని నా యభిప్రాయము.

కథారంగమైన గుజారే నగరరాజ్యము ప్రాచీన ఈజిప్టు ఛాయతో కల్పింపబడినది. అచ్చటి యధిదేవత హనంజ స్వప్నములకు అధీశ్వరి. ఆమె యాలయము హెతావ. పౌరులు తమ కలలను ఆలయమునకు కానుకగా సమర్పింతురు. ఆ కలలనుండి నాలుగు ధాతువులు లభించును: కామస్వప్నమునుండి స్వప్నబీజము, పొంతనలేని సామాన్యపు కలలనుండి స్వప్నలసిక, పీడకలలనుండి స్వప్నపిత్తము, మరణకాలమందలి తుదికలనుండి స్వప్నరక్తము. మొదటి మూడును చికిత్సకు ఉపకరించును. నాల్గవది శాంతి నొసగును. యవనవైద్యుల రసచతుష్టయమును రచయిత్రి కలలకు అన్వయించినదని స్పష్టము. వాతాది ప్రకృతులను బట్టి కలలు భేదించునని మన వైద్యశాస్త్రము చెప్పుచున్నది. ఇచ్చట కలయే ఔషధమగుట విశేషము.

హెతావయందలి సేవకులు నాలుగు మార్గములవారు: బోధకులు, రక్షకులు, చికిత్సకులు, సంగ్రాహకులు. సంగ్రాహకులు రాత్రివేళ గృహములు ప్రవేశించి, మరణము గోరిన వృద్ధునో రోగినో, లేక దుష్టుడని ఆలయము నిర్ణయించినవానినో, నిద్రలోనే స్వప్నభూమికి గొనిపోయి, సుఖమైన యొక కలయందు నిలిపి, ప్రాణసూత్రమును త్రెంపుదురు. గుజారేవాసులకు ఇది అనుగ్రహము. పొరుగున నున్న కిసువా రాజ్యమువారికి ఇది నరహత్య. ఈ రెండు దృష్టులలో దేనిని గాని రచయిత్రి మూర్ఖత్వముగా చిత్రింపలేదు. ఇదియే నవలకు మొదటి బలము.

నాయకుడైన ఎహిరు రాజవంశజుడు, సంగ్రాహకులలో శ్రేష్ఠుడు. శిష్యుడైన నిజిరి సేవకజాతివాడు. కథారంభముననే ఎహిరు ఒక పరదేశీయుని విషయమున పొరబడును; ఆ జీవుడు సద్గతి లేక నశించును. గురువు ఇట్లు తనయందే విశ్వాసము కోల్పోయిన దినములలో నిజిరికి శిష్యత్వము సిద్ధించుచున్నది. సామాన్యకథలలో గురువు నిశ్చలుడు, శిష్యుడు చంచలుడు. ఇచ్చట ఆ క్రమము తలక్రిందులైనది.

మన వాఙ్మయమున స్వప్నమునకు గల స్థానమును స్మరించిన ఈ విద్యయొక్క స్వభావము తేటపడును. మాండూక్యోపనిషత్తు స్వప్నస్థానమును ఆత్మయొక్క ద్వితీయపాదముగా చెప్పినది; అచ్చట స్వప్నము తత్త్వవిచారమునకు సాధనము. ఉష కలలో అనిరుద్ధుని గాంచగా చిత్రలేఖ పటములు వ్రాసి అతని నెరిగి, యోగబలమున తెచ్చినది. అచ్చట స్వప్నము ప్రణయమునకు బీజము. రెండింటను కల కనినవారిదే. గుజారేయందు మాత్రము కల సంస్థయొక్క సొత్తు. దానిని కూడబెట్టి పంచిపెట్టువారు ప్రజలకు ప్రభువులగుదురు. స్వప్నవిద్యను ఒక శ్రేణి చేతబట్టినచో కలుగు ననర్థమంతయు ఇందుండియే పుట్టుచున్నది.

ఆ యనర్థము శిష్యశిక్షణయందే నాటుకొని యున్నది. సంగ్రాహకుడు స్వప్నరక్తము లేక జీవింపజాలడు. అది తప్పినచో క్రమముగ బుద్ధి చెడి, జీవులను మ్రింగు "కోతకాడు" అగును. సంగ్రహించువానికిని కోయువానికిని గల యంతరము ఎంత స్వల్పమో ఆ పేరులే చెప్పుచున్నవి. కావున శిష్యుడు విద్యతోపాటు వ్యసనమునుగూడ స్వీకరించుచున్నాడు. వ్యసనపరుడు తన కాహారమిచ్చు సంస్థను ప్రశ్నింపలేడు. ఆలయాధిపతియు, ఎహిరు సోదరుడైన రాజు ఎనింకెట్టును ఈ రహస్యము నెరిగియే దుర్వినియోగమునకు దిగిరి. ఏకలవ్యుని యంగుష్ఠమును ద్రోణుడు బహిరంగముగ అడిగెను. హెతావ తన శిష్యుల స్వాతంత్ర్యమును అడుగకయే గైకొన్నది.

కథాంతమున ఎహిరు తన సోదరుని హతమార్చి, తాను కోతకాడై మిగులుటకంటె శిష్యుని చేత శాంతి పొందుటయే మేలని కోరును. గురువునందు భక్తియే గాక గాఢప్రేమయుగల నిజిరి ఆ కార్యము నెరవేర్చును. అదియే యతని సమావర్తనము. దీనిని గురుహత్యగా గాని, గురుదక్షిణగా గాని ఒక్కమాటతో తేల్చుట పొరబాటు. విద్యయొక్క పరమార్థము శాంతి నొసగుట యైనచో, దానిని పరాయివారికి ఒసగి ప్రియునకు నిరాకరించువాడు విద్య నేర్చినవాడు కాడు. కాని ఆ విద్యయే గురువును ఆ దుర్దశకు దెచ్చినది. ఈ ద్వైధమును రచయిత్రి తీర్పకుండ విడుచుట దోషము కాదు, ధైర్యము.

దోషములు లేకపోలేదు. నిద్రను గొలుపు జుంగిస్సా శిల మొదలగు సాధనములు పేర్కొనబడినవే కాని, శిష్యుడు దినదినము చేయు అభ్యాసము పాఠకునకు చాలినంతగ కనబడదు. రాజకీయ కుతంత్రము కథను త్వరపెట్టి పాఠశాలను మరుగుపరచినది. ఆ యేడే వెలువడిన రెండవ భాగము "ది షాడోడ్ సన్" ఈ కొరతను కొంత తీర్చినది. అందు హనాని యను యువతి చికిత్సకమార్గమున శిష్యత్వము పొందిన తొలి స్త్రీ. తన యర్హతను పలుమారు నిరూపింపవలసి వచ్చిన యామె కథయందు పరీక్ష శిష్యురాలికి గాక సంస్థకే పెట్టబడినట్లు తోచును.

బోధనవృత్తియందున్నవారు ఈ నవలను అద్భుతరసమునకై గాక ఒక ప్రశ్నకై చదువవలెను. మనము శిష్యునకు ఇచ్చునది విద్యయా, లేక మనయందలి పరాధీనతయా? గురువు పొరబడిన దినమున ఆ పొరబాటును గుర్తించి తగినది చేయగల బలమును మన బోధన శిష్యునకు ఇచ్చుచున్నదా? నిజిరికి ఆ బలమును హెతావ నేర్పలేదు. ఎహిరు తన పతనముచే నేర్పినాడు.