గొల్లపూడి మారుతీరావు నటన: మాటతీరు మీద ఒక పరిశీలన

గొల్లపూడి మారుతీరావు 2019 డిసెంబరు 12న చెన్నైలో కన్నుమూసినప్పుడు వచ్చిన నివాళుల్లో ‘బహుముఖ ప్రజ్ఞాశాలి’ అన్న మాట లేనిది అరుదు. నాటకకర్త, నవలాకారుడు, రేడియో అధికారి, సినీరచయిత, కాలమ్ రచయిత, టీవీ వ్యాఖ్యాత, నటుడు అని వరసగా చెప్పి ఊరుకోవడం మనకు అలవాటు. ఇలా చెప్పడంలో గౌరవం ఉంది గాని పరిశీలన లేదు. ఆయన రచనల మీద అంతో ఇంతో చర్చ జరిగింది. రెండు వందలకు పైచిలుకు చిత్రాల్లో కనిపించిన నటుణ్ణి మాత్రం ‘సహజంగా నటిస్తాడు’ అన్న ఒక్క మాటతో సరిపెట్టాం. ఆ సహజత్వం ఎక్కడి నుంచి వచ్చింది, దాని పరిమితులేమిటి అన్నది ఈ వ్యాసంలో నా ప్రశ్న.

ఆయన 1939 ఏప్రిల్ 14న విజయనగరంలో పుట్టారు. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో చదువు, కొంతకాలం పత్రికా రచన, ఆ తర్వాత సుమారు ఇరవై ఏళ్లు ఆకాశవాణి ఉద్యోగం. ఆ ఉద్యోగం ఆయన్ను హైదరాబాదు, విజయవాడల నుంచి ఒడిశాలోని సంబల్‌పూర్‌కు, మద్రాసుకు, కడపకు తిప్పింది. ఈలోగా నాటకాలు రాశారు. 1964లో వచ్చిన ‘డాక్టర్ చక్రవర్తి’తో సినీరచనలో అడుగుపెట్టారు. వెండితెర మీద నటుడిగా కనిపించింది మాత్రం 1982లో, కోడి రామకృష్ణ తొలి చిత్రం ‘ఇంట్లో రామయ్య వీధిలో కృష్ణయ్య’తో. అప్పటికి ఆయనకు నలభై దాటింది. అంటే తెర మీదికి వచ్చేనాటికే ఆయన మాటతీరు స్థిరపడిపోయింది. దాన్ని స్థిరపరచినవి నాటకం, రేడియో.

ఈ రెండింటిలో రేడియో పాలే ఎక్కువని నా అభిప్రాయం. రంగస్థలం మీద నటుడు చివరి వరసకు వినిపించాలి. అందుకోసం అచ్చులు సాగుతాయి, వాక్యం చివర స్వరం పైకి లేస్తుంది. మైకు ముందు ఆ అవసరం లేదు. అక్కడ ముఖం కనిపించదు కనుక ఆగడం, ఊపిరి తీసుకోవడం, ఒక పదం మీద ఊనిక తగ్గించడం, ఇవే అభినయం. పాత తరం ప్రతినాయకుల్లో చాలామంది గొంతు రంగస్థలం నుంచి వచ్చింది. గొల్లపూడిది శ్రోత చెవి పక్కనే కూర్చుని మాట్లాడే గొంతు. ఆయన పాత్రలు బిగ్గరగా అరిచిన సందర్భాల కన్నా గొంతు తగ్గించిన సందర్భాలే గుర్తుండిపోవడానికి కారణం ఇదే.

‘ఇంట్లో రామయ్య’లోని సుబ్బారావును చూడండి. పచ్చని దాంపత్యంలో చిచ్చుపెట్టే మనిషి. అతని చేతిలో కత్తి లేదు, వెనక మనుషులు లేరు. పరిచయం, పలకరింపు, సానుభూతి, ఇవే అతని ఆయుధాలు. భాషాశాస్త్రంలో మర్యాదను సాధారణంగా దూరం పాటించే పద్ధతిగా వివరిస్తాం. తెలుగులో ‘మీరు’, ‘అండి’, ‘గారు’ ఆ పని చేస్తాయి. అయితే అదే మర్యాద ఇంట్లోకి ప్రవేశించడానికి అనుమతిపత్రం కూడా అవుతుంది. మర్యాదగా మాట్లాడేవాణ్ణి గుమ్మం దగ్గరే ఆపడం మధ్యతరగతి ఇంట్లో కష్టం. సుబ్బారావు బతికేది ఆ మొహమాటం మీదే. అందుకే ప్రేక్షకులు, ముఖ్యంగా స్త్రీలు, అతణ్ణి చూసి కోపగించుకున్నదానికన్నా ఎక్కువగా గుర్తుపట్టారు. అలాంటివాడు ప్రతి వీధిలోనూ ఉన్నాడు.

ఇక్కడ రావు గోపాలరావుతో పోలిక తప్పదు. ‘ముత్యాలముగ్గు’ (1975)లోని కాంట్రాక్టరు కూడా అరవని ప్రతినాయకుడే. అయితే అక్కడ ముళ్ళపూడి వెంకటరమణ వాక్యం రుచిని నటుడు చవిచూస్తూ పలుకుతాడు. మనకూ ఆ వాక్యాలే నోటికి వచ్చేస్తాయి. సుబ్బారావు విషయంలో వాక్యం వెనక్కి పోయి మనిషి మిగులుతాడు. ఒకటి ఎక్కువ, ఒకటి తక్కువ అని కాదు. మొదటిది మాటను ప్రదర్శించే నటన, రెండోది మాట వెనక దాక్కునే నటన. స్వయంగా రచయిత అయిన గొల్లపూడి ఈ రెండో దారి పట్టడం విశేషం.

ఆయన నటనకు రెండో ఉదాహరణ ‘సంసారం ఒక చదరంగం’ (1987). దీని మూలం విసు తమిళంలో రచించి, దర్శకత్వం వహించి, తానే ఇంటి పెద్దగా నటించిన ‘సంసారం అదు మిన్సారం’ (1986). ఉత్తమ జనరంజక చిత్రంగా జాతీయ పురస్కారం పొందిన చిత్రమది. తెలుగు చిత్రానికి నిర్మాణం ఏవీఎం, దర్శకుడు ఎస్.పి. ముత్తురామన్, మాటలు గణేశ్ పాత్రో. తమిళంలో ఆ తండ్రి పేరు అమ్మయ్యప్ప ముదలియార్. తెలుగులో అప్పలనరసయ్య. ఈ మార్పు చిన్నదిగా కనిపిస్తుంది గాని గమనించదగింది. తమిళ పేరు కులం చెబుతుంది. తెలుగు పేరు ప్రాంతం చెబుతుంది. సింహాచలం అప్పన్న పేరిట ‘అప్పల’తో మొదలయ్యే పేర్లు శ్రీకాకుళం, విజయనగరం, విశాఖ జిల్లాల్లోనే గాక దక్షిణ ఒడిశా తెలుగువారిలోనూ వినిపిస్తాయి. తరగతిలో ఈ చిత్రం ప్రస్తావన వచ్చినప్పుడు బరంపురం విద్యార్థి ఒకరు ‘ఇది మా ఊరి పేరండీ’ అన్నారు. పాత్రో, గొల్లపూడి ఇద్దరూ ఉత్తరాంధ్రకు చెందిన నాటకకర్తలే కనుక ఆ పేరు వెనక మనిషి ఎవరో వారికి ఒకరు చెప్పనక్కరలేదు.

విసు పాత్రలు వాదిస్తాయి. మాటకు మాట అప్పజెప్పి ఎదుటివారిని చిక్కులో పెట్టడం ఆయన శైలి. గొల్లపూడి దాన్ని అనుకరించలేదు. పెద్దకొడుకు డబ్బు లెక్కలు తీయడం, మాటలు ముదిరి ఇంటి మధ్య గీత పడడం ఈ కథకు కీలకం. ఆ ఘట్టాల్లో అప్పలనరసయ్య వాదనలో నెగ్గాలనుకునే మనిషిగా గాక, కన్నకొడుకుతో వాదించవలసి వచ్చినందుకు సిగ్గుపడే మనిషిగా కనిపిస్తాడు. ఉత్తరాంధ్ర మాటను సినిమా ఎక్కువగా నవ్వించడానికే వాడుకుంది. ఇక్కడ ఆ ప్రాంతపు పేరున్న మనిషి చదువుకున్న మధ్యతరగతి వాడుక భాష మాట్లాడుతూ, ఎవరి నవ్వుకూ లోనుకాకుండా నిలబడతాడు. ఒక పాత్రకు దక్కవలసిన కనీస గౌరవం అది.

లోపాలూ చెప్పాలి. సుబ్బారావు విజయం తర్వాత పరిశ్రమ ఆయనకు అలాంటి తీయని మాటల మోసగాళ్లనే పదేపదే ఇచ్చింది. ఆయనా కాదనలేదు. ఆ పునరుక్తిలో కొన్ని హావభావాలు ముద్రల్లా గట్టిపడ్డాయి. రెండోది, ఆయనలోని రచయిత అప్పుడప్పుడు నటుణ్ణి పక్కకు నెట్టేవాడు. సన్నివేశం చెప్పేసిన విషయాన్ని వివరించబోయే ఉపన్యాస ధోరణి అలాంటప్పుడు వినిపిస్తుంది. టీవీలో వ్యాఖ్యాతగా ఆయనకు కలిసివచ్చిన గుణం ఇదే. పాత్రలో మాత్రం ఇది అడ్డం.

ఈ చర్చతో మనకేమిటి సంబంధం అన్న ప్రశ్న రావచ్చు. 1995లో ఈటీవీ వచ్చాక బెంగుళూరులోనూ, హోసూరులోనూ, షోలాపూరులోనూ తెలుగు బడి లేని పిల్లలకు టీవీలో వచ్చే పాత సినిమాలే భాషాపాఠాలయ్యాయి. కథానాయకుడి మాట ఏ ఊరిదీ కాని మాట. ఇంట్లో తండ్రి కొడుకును ఎలా మందలిస్తాడు, పొరుగువాడు ఎలా పలకరిస్తాడు, కోపం వచ్చినా ‘మీరు’ వదలకుండా ఎలా మాట్లాడతారు అన్నవి ఆ పిల్లలు విన్నది క్యారెక్టర్ నటుల నోటే. అలాంటి నటుల మాటతీరును పాత్రవారీగా రాసిపెట్టి, తరగతిలో పాఠంగా చర్చించే పని మన తెలుగు శాఖలు చేపట్టవలసి ఉంది. గొల్లపూడి నాటకాలు చదివిస్తున్నాం. అప్పలనరసయ్యను వినిపించడం కూడా అంతే అవసరమని నేననుకుంటాను.