బురుజుకి కోణాలెన్ని?

బహ్రెయిన్‌లోని సీఫ్‌లో ఒక సాయంత్రం అద్దాల మేడ పక్కన ఇద్దరు కుర్రాళ్లు తాళ్లు చుట్టుకుంటున్నారు. ముప్ఫై అంతస్తుల పైనుంచి వేలాడుతూ అద్దాలు తుడిచే పని వాళ్లది. ఒకడు రెండోవాణ్ణి అడిగాడు: "రేపు ఏ బురుజు మీదరా?" మాట తెలుగు, యాస జగిత్యాల వైపుది. ఆగి పలకరించాను. బురుజు అంటున్నది మన మాటా, అరబ్బు ఫోర్‌మన్ దగ్గర విన్న మాటా అని అడిగితే నవ్వాడు. "రెండొక్కటే గదన్నా. మా ఊర్ల మట్టిది, ఈడ అద్దాలది."

వాడన్నది నూటికి నూరుపాళ్లూ నిజం. అరబ్బీలో బుర్జ్. అక్కణ్ణుంచి పారసీకి, పారసీ నుంచి దక్కనీ ఉర్దూకి, అక్కణ్ణుంచి మనకి వచ్చింది. తెలుగు నాలుక రెండు హల్లుల్ని ఒకదాని మీద ఒకటి పెట్టి మాట ముగించడానికి ఒప్పుకోదు. షర్త్ మధ్యలో, చివర అచ్చులు చేర్చి షరతు చేసుకున్నట్టే బుర్జ్‌ని బురుజు చేసుకుంది. తమాషా ఏమిటంటే అరబ్బీలో బుర్జ్‌కి బహువచనం బురూజ్. మన ఒక్క బురుజు అరబ్బు చెవికి కాస్త అటూ ఇటూగా చాలా బురుజుల్లా వినిపిస్తుంది. ఈ మాట రాకముందు మనకు కొత్తళం ఉండేది. ఇప్పుడది నిఘంటువుల్లో తప్ప కనబడదు.

అరబ్బీలో కూడా ఇది సొంతం కాదనీ, కోట గోపురాన్ని చెప్పే గ్రీకు పిర్గోస్ అరమాయిక్ భాష మీదుగా వచ్చి ఇలా మారిందనీ చాలామంది పండితుల మాట. అరబ్బీ నిఘంటుకారులు మాత్రం బ-ర-జ అనే ధాతువు కింద పెట్టి, పైకి పొడుచుకువచ్చి కంటబడడం అనే అర్థంతో ముడిపెడతారు. పుట్టుక సంగతి ఎలా ఉన్నా ఈ రెండో వివరణే పనివాడి పనికి దగ్గరగా ఉంటుంది. గోడలోంచి ముందుకు వచ్చినది, తాను నలుదిక్కులా చూసేది, నలుదిక్కులకీ కనిపించేది. ఈ మూడూ ఉంటేనే బురుజు.

అసలు గోడలోంచి ముందుకు ఎందుకు రావాలి? తిన్నని గోడ మీద నిలబడ్డవాడికి దూరాన ఉన్న శత్రువు కనిపిస్తాడు గాని, గోడ మొదట్లో గునపం వేస్తున్నవాడు కనిపించడు. చూడాలంటే బయటికి వంగాలి, వంగితే బాణం తగులుతుంది. గోడనే అక్కడక్కడ బయటికి నెడితే, ఆ నెట్టిన చోట నిలబడినవాడు పక్కకు తిరిగి గోడ పొడవునా కొట్టొచ్చు. బురుజు బలం ఎదురుగా కొట్టడంలో కన్నా పక్కకు కొట్టడంలోనే ఎక్కువ. మనం బొమ్మల్లో చూసి ఊహించుకునేది మాత్రం ఎప్పుడూ ఎదురు దెబ్బనే.

ఓరుగల్లులో కాకతీయుల రాతికోటకి 45 బురుజులు. అవి నలుపలకలవి, ఒక్కో పక్క 12 నుంచి 18 మీటర్లు, కందకం నీళ్లలోకి చొచ్చుకుపోయినట్టుంటాయి. అంతంత నల్లరాళ్లని సున్నం లేకుండా, అంచుకు అంచు ఆనించి పేర్చిన పని అది. అయితే నలుపలక బురుజుకి రెండు కష్టాలున్నాయి. దాని మూల రాయికి రెండు వైపులే ఆసరా, మిగతా రెండు వైపులూ గాలే. గునపానికైనా గుండుకైనా ముందు ఊడేది అదే. రెండోది, ఎదురుగా ఉన్న పలక ముందు నిలబడ్డవాడు పక్క బురుజు మీదివాళ్లకి కనిపించడు.

గుండ్రటి బురుజు మొదటి కష్టాన్ని తీరుస్తుంది. నేను దగ్గరగా, చేత్తో తడిమి చూసింది తెలంగాణ పల్లె బురుజునే కాబట్టి దాని లెక్కే చెబుతాను. కింద వెడల్పు, పైకి పోయేకొద్దీ సన్నం. పై పొర రాయి, లోపల గులకరాళ్లూ ఎర్రమట్టీ కలిపి దట్టించిన పూరకం. పై పొరలో రాయిని చదరంగా చెక్కరు. బయటి ముఖం వెడల్పుగా, లోపలి కొస ఇరుగ్గా ఉండేలా చెక్కుతారు. అలాంటి రాళ్లు పక్కపక్కన పేర్చుకుంటూ పోతే వరస తనంతట తానే గుండ్రం తిరుగుతుంది. ఇప్పుడు బయటినుంచి ఒక రాయిని నెట్టి చూడండి. లోపలికి పోవాలంటే వెడల్పు ముఖం ఇరుకు సందులోంచి దూరాలి, పక్క రాళ్లు దూరనివ్వవు. నెట్టేకొద్దీ బిగుసుకుంటుంది. కమానుని నిలబెట్టే సూత్రమే ఇది, కాకపోతే కమానుని నేల మీద పడుకోబెట్టి వరస మీద వరస వేసుకుంటూ పోయారు.

మరి లోపలి మట్టి బయటికి తోస్తే? అందుకే పైకి సన్నం చెయ్యడం. గోడ బరువు కొంచెం లోపలికి వాలి, మట్టి తోపుని ఎదుర్కొంటుంది. అదీ చాలదని నాలుగైదు వరసలకోసారి పొడుగాటి రాయిని గోడ వెంట కాక పొడవునా లోపలికి, మట్టి గర్భంలోకి దించుతారు. బయటినుంచి చూస్తే అది చిన్న రాయిలా కనిపిస్తుంది. నిజానికి తోలుచెప్పుకి మేకులా రాతి పొరని మట్టికి కుట్టి పెట్టేది అదే. పై అంతస్తులో కంగూరాల మధ్య తుపాకీ సందులు. బయటికి జానెడు, లోపలికి మూరెడు. లోపలివాడు తుపాకీని అటూ ఇటూ తిప్పుకోగలడు, బయటివాడికి గురి పెట్టడానికి జానెడు సందే ఉంటుంది. సందు అడుగు భాగం బయటికి వాలుగా ఉంటుంది. దిగువకి కొట్టడానికీ అదే, వాననీళ్లు లోపలికి రాకుండానూ అదే. ఒక్క వాలు, రెండు పనులు. ఊరి మేస్త్రీ ఎవరో, పేరు ఎక్కడా ఉండదు.

గోల్కొండలో ఒక పేరు మిగిలింది. 1656లో ఔరంగజేబు దాడి తర్వాత అబ్దుల్లా కుతుబ్‌షా కాలంలో మూసా ఖాన్ పూనుకుని కట్టించిన మూసా బురుజు శాసనంలో దాన్ని కట్టినవాడి పేరు ధర్మాచార్ అని ఉంది. సంవత్సరం 1666. అరబ్బీ మాటకి ఆకారం ఇచ్చింది మన చెయ్యి. ఆ కోట బయటి గోడకి 87 బురుజులు. వాటిలో పెట్లబురుజుకి ఆ పేరు పొట్టని బట్టి వచ్చింది, బానపొట్టలా ముందుకు ఉబికి ఉంటుంది కనుక. హైదరాబాద్ పాతబస్తీ పెట్లబుర్జులో ప్రసూతి ఆస్పత్రి ఉండడం మాత్రం కాకతాళీయమే. గోల్కొండ కొత్తకోటలోని నవ బురుజుది ఇంకో ఎత్తు. తొమ్మిది వంపులు, తెరిచిన పువ్వులా. ప్రతి వంపూ ఒక్కో దిక్కుకి చూస్తుంది. అందానికి కట్టారనుకుంటాం, కట్టింది దిక్కుల లెక్కకి.

గుండ్రటి బురుజుతో మూల ఊడే బాధ పోయింది గాని, రెండో కష్టం మిగిలే ఉంది. దాని జవాబు చూడాలంటే సీఫ్ నుంచి పడమరకి, కర్బాబాద్ దాటి వెళ్లాలి. సీఫ్ అన్న పేరుకి అరబ్బీలో అర్థం సముద్రపు ఒడ్డు. సముద్రాన్ని పూడ్చి చేసిన నేల మీద మాళ్లూ మేడలూ లేచాయి. కొద్ది దూరంలోనే నాలుగు వేల ఏళ్ల నాటి ఒడ్డు ఉంది. ఖల్అత్ అల్ బహ్రెయిన్. ప్రాచీన దిల్మున్ రాజ్యపు రాజధాని శిథిలాల మీద, ఒక నగరం మీద ఒక నగరం పేరుకుని ఎదిగిన దిబ్బ అది. 1954 నుంచి డెన్మార్క్ వాళ్లు తవ్వారు, 2005లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేరింది. దిబ్బ నెత్తిన ఉన్నది మాత్రం మధ్యయుగపు కోట. 1521లో బహ్రెయిన్‌ని పట్టుకున్న పోర్చుగీసువాళ్లు దాన్ని పెంచారు. 1561లో ఇనోఫ్రె ద కర్వాల్యో అనే ఇంజనీరు కొత్త బురుజులు కట్టించాడు. 1602లో పారసీకులు వాళ్లని వెళ్లగొట్టారు.

ఎండిన కందకంలో నిలబడి ఆ బురుజు మూలని చూస్తే మొదట నిరాశే కలుగుతుంది. మళ్లీ కోణం! గుండ్రంతో ఇంత దూరం వచ్చి మళ్లీ మూలకి ఎందుకు పోయినట్టు? కాగితం మీద గీస్తే తెలుస్తుంది. ఒక గుండ్రటి బురుజు గీయండి. రెండు పక్కలా ఉన్న బురుజుల నుంచి దాని అంచుని తాకుతూ పోయే చూపు గీతలు రెండు గీయండి. ఆ గీతలు బురుజు ముందు ఒకచోట కలుస్తాయి. గుండ్రానికీ ఆ కలిసే చోటుకీ మధ్య ఒక ముక్కోణం మిగులుతుంది. ఆ ముక్కోణంలో దాక్కున్నవాణ్ణి ఎవరూ చూడలేరు, ఎవరూ కొట్టలేరు. ఈ పద్ధతిని మొదలుపెట్టిన ఇటలీ శిల్పులు చేసిందల్లా ఆ గుడ్డి ముక్కోణాన్ని కూడా రాతితో నింపెయ్యడం. శత్రువు దాక్కునే చోటే బురుజు అయిపోయింది. బాణపు ములికిలాంటి ఆ ఆకారం అలంకారం కాదు, చూపు గీతలు గీసిన గీత. ఓరుగల్లు మూలకీ ఈ మూలకీ తేడా అదే. అది గోడ ముగిసే చోటు, ఇది చూపు ముగిసే చోటు. ఈ పద్ధతిలో గోడలు ఎత్తు తగ్గి మందం పెరిగాయి, ఎందుకంటే ఫిరంగి గుండుకి ఎత్తైన గోడంటే పెద్ద గురి.

ఈ సంగతి అర్థమయ్యాక ఆ మూల దగ్గర్నుంచి కదలబుద్ధి కాలేదు. కందకంలో నడుస్తూ ఏ చోట నిలబడినా పైన ఏదో ఒక అంచు నన్ను చూస్తూనే ఉంది.

బురుజు అర్థంలో మూడో ముక్క, కనిపించడం. దానికి సాక్షి కూడా అక్కడే ఉంది. దిబ్బకి వాయవ్యాన 1,600 మీటర్ల దూరంలో, పగడపు దిబ్బల మధ్య ఓడలు రావడానికి ఉన్న కాలువ దగ్గర, సముద్రంలో ఒక పాత కట్టడపు అడుగు భాగం ఉంది. దీపస్తంభం అయ్యుండొచ్చని యునెస్కో పత్రాలు అంటాయి. శత్రువుని చూసే బురుజు ఒకటి, నావికుడికి కనిపించే బురుజు ఒకటి.

కనిపించేది అన్న అర్థమే ఈ మాటని ఆకాశానికి ఎక్కించింది. మనం రాశి అనే దాన్ని అరబ్బులు బుర్జ్ అంటారు. సూర్యుడు ఏడాదిలో దాటే పన్నెండు కోటలు అన్నమాట. మేషం బుర్జ్ అల్ హమల్, సింహం బుర్జ్ అల్ అసద్, తుల బుర్జ్ అల్ మీజాన్. మీజాన్ అంటే త్రాసు. కరణాల చిట్టాల్లో మొత్తం వేసిన చోట రాసే మీజాను అదే. ఖురాన్‌లో 85వ సూరా పేరు అల్ బురూజ్. ఇక్కడ ఆఫీసులో ఎవరైనా మీ బుర్జ్ ఏమిటని అడిగితే ఏ మేడలో ఉంటున్నారని కాదు, ఏ రాశి అని. నేను ఫ్లాట్ నంబరు చెప్పాను ఒకసారి.

నేల మీద మాత్రం ఇప్పుడు ఎత్తుగా నిలబడే ప్రతిదీ బుర్జే. సెల్ టవర్, కరెంటు టవర్, విమానాశ్రయంలో కంట్రోల్ టవర్. అందరికీ తెలిసిన బుర్జ్ ఖలీఫా 2010 జనవరిలో తెరిచిన రోజున ఆ పేరు పొందింది, కడుతున్నన్నాళ్లూ బుర్జ్ దుబాయ్. 828 మీటర్లు. దాని అడుగు మూడు రెక్కల ఆకారం, ఒక్కో రెక్క మిగతా రెండింటికీ ఆసరా. పైకి పోయేకొద్దీ మెట్టు మెట్టుగా 27 చోట్ల తగ్గుతుంది. పల్లె బురుజు మట్టి తోపుకి భయపడి పైకి సన్నమైతే, ఇది గాలికి భయపడి సన్నమైంది. ప్రతి ఎత్తులో ఆకారం మారడంతో గాలి సుడులు ఒక లయలో కూడుకుని మేడని ఊపలేవు.

నా ఓటు మాత్రం మనామాలోని ప్రపంచ వాణిజ్య కేంద్రం జంట మేడలకి. 240 మీటర్ల ఎత్తు, తెరచాపల ఆకారం, మధ్యలో మూడు వంతెనలు, ఒక్కో వంతెనకి 29 మీటర్ల వ్యాసం ఉన్న గాలిమర. సముద్రపు గాలి రెండు తెరచాపల మధ్య ఇరుకులో పడి వేగం పుంజుకుంటుంది. ఎత్తుకి పోయేకొద్దీ గాలి సహజంగానే ఎక్కువ కదా, మరి పై మర జోరుగా, కింది మర నెమ్మదిగా తిరగాలి. కాని మేడలు పైకి సన్నమయ్యేకొద్దీ ఇరుకు ప్రభావం తగ్గుతుంది. పైన గాలి ఎక్కువ, ఇరుకు తక్కువ. కింద గాలి తక్కువ, ఇరుకు ఎక్కువ. మూడు మరలకీ దాదాపు ఒకే వేగం. తుపాకీ సందుని బయటికి జానెడు, లోపలికి మూరెడు చేసినవాడికి ఈ లెక్క ఒక్క నిమిషంలో అర్థమవుతుంది.

తాడు చుట్టుకున్న కుర్రాడు సెల్‌ఫోన్‌లో తన ఊరి బురుజు ఫొటో చూపించాడు. నెత్తిన వేపచెట్టంత రావి మొలిచి ఉంది. "చిన్నప్పుడు ఎక్కేటోళ్లం. ఇప్పుడు ఎక్కనిస్తలేరు, కూలుతదట." కూలగొట్టేది శత్రువు కాదు, నీళ్లు. పైకప్పు గచ్చు పగిలితే వాన లోపలి మట్టిలోకి దిగుతుంది, మట్టి ఉబ్బి రాతి పొరని బయటికి తోస్తుంది. ఆ పగులులోనే పిట్ట వేసిన రావి విత్తనం వేళ్లూనుకుంటుంది. ఒకప్పుడు ఇలాంటివే ఊళ్లని కాచాయి. తెలంగాణలోని బైరాన్‌పల్లిలో 1948 ఆగస్టు 27న రజాకార్లు మీద పడ్డ రోజున ఊరికి కాపలా కాసింది ఇలాంటి బురుజే. కర్నూలు కొండారెడ్డి బురుజుకి సినిమాల పుణ్యాన చూసేవాళ్లున్నారు. ఊరి బురుజుకి ఊరివాళ్లే ఉన్నారు.

మీ ఊళ్లో ఎక్కదగ్గ బురుజు ఉంటే ఈ వేసవిలో ఒకసారి ఎక్కి చూడండి. రావి మొలక వేలెడు ఉన్నప్పుడు చేత్తో వస్తుంది. మోచెయ్యంత అయితే లాగకండి, రాళ్లు కూడా వస్తాయి. మొదలు దగ్గర కోసి, చిగుర్లు వచ్చినప్పుడల్లా మళ్లీ కొయ్యండి. పైన పగుళ్లలో సిమెంటు కాదు, సున్నం పెట్టించండి. మొదటి వాన పడేలోపు.