నటనలో నటన: సావిత్రి మూడు పాత్రల పరిశీలన

వ్యాససంగ్రహం:
సావిత్రి అభినయాన్ని ఆమె జీవిత విషాదంతో ముడిపెట్టి చూడటం పరిపాటి. ‘మిస్సమ్మ’, ‘మాయాబజార్’, ‘చివరకు మిగిలేది’ చిత్రాలలో ఆమె పోషించినవి మరొకరిగా నటించే పాత్రలు. వాటిని చతుర్విధాభినయ దృష్టితో పరిశీలించి, ఆమె ప్రతిభ ఎరుకతో కూడిన శిల్పమని నిరూపించడం ఈ వ్యాస లక్ష్యం.

కీలకపదాలు: సావిత్రి, ఆంగికం, వాచికం, సాత్త్వికం, తెలుగు సినిమా.

1. ప్రవేశిక:
సావిత్రి 1981లో మరణించారు. 2018లో వచ్చిన ‘మహానటి’ చిత్రం ఆమెను కొత్త తరానికి చేరువ చేసింది. దానితోపాటు, తెరమీది ఆమె కన్నీటిలో సొంత బతుకును వెతికే ధోరణి కూడా బలపడింది. సానుభూతితో కూడినదే అయినా ఈ దృష్టి నటికి అన్యాయం చేస్తుంది. పడిన కష్టం వేరు, సాధించిన విద్య వేరు.

2. మిస్సమ్మ - వాచికం:
ఎల్.వి. ప్రసాద్ దర్శకత్వంలో 1955లో వచ్చిన ఈ చిత్రంలో క్రైస్తవ యువతి మేరీ, ఉద్యోగం కోసం ఎం.టి. రావుకు భార్యగా నటిస్తుంది. జమీందారు దంపతుల ఎదుట ఆమె మాట గృహిణిది. చూపులో మాత్రం విసుగు. ఈ రెండూ ప్రేక్షకునికి ఒకేసారి తెలియాలి, ఎదుటి పాత్రలకు తెలియకూడదు. రావు సీతకు సంగీతం నేర్పడం చూసి అసూయ పుట్టాక స్థితి తారుమారవుతుంది. మాట అతణ్ణి కాదంటుంది, చూపు భార్యదవుతుంది.

3. మాయాబజార్ - ఆంగికం:
కె.వి. రెడ్డి దర్శకత్వంలోని ఈ చిత్రంలో (1957) ఘటోత్కచుడు శశిరేఖ రూపం ధరిస్తాడు. అంటే స్త్రీ వేషంలోని పురుషుణ్ణి ఒక నటి అభినయించాలి. ఆహార్యం శశిరేఖది, ఆంగికం ఘటోత్కచునిది. పెళ్లి పాటలో సుశీల గొంతు నడుమ ఘంటసాల గొంతు చొరబడినప్పుడు సావిత్రి దేహంలో ఎస్.వి. రంగారావు ఠీవి తొంగిచూస్తుంది. అంతలోనే తమాయించుకొన్న సిగ్గు దానిని కప్పేస్తుంది. అసలు శశిరేఖ లాలిత్యాన్ని అదే చిత్రంలో చూపినందువల్లనే ఈ భేదం స్పష్టమవుతుంది. ఈ హాస్యాన్ని ఏ జీవిత విషాదమూ వివరించలేదు.

4. చివరకు మిగిలేది - సాత్త్వికం:
1960లో గుత్తా రామినీడు రూపొందించిన ఈ చిత్రంలో నర్సు పద్మ, మానసిక రోగులకు స్వస్థత చేకూర్చేందుకు ప్రేమను నటిస్తుంది. చివరకు ఆ నటన నిజమై, ఆమె మతి చలిస్తుంది. మేరీకి మేలు చేసిన పరిణామమే పద్మను కూల్చివేస్తుంది. జీవితచరిత్ర దృష్టితో చూసేవారికి ఇది సావిత్రి కథకు సూచనగా తోచవచ్చు. కాని దీనికి మాతృక అయిన బెంగాలీ చిత్రం ‘దీప్ జ్వేలే జాయ్’ (1959)లో ఈ పాత్రను సుచిత్రా సేన్ పోషించారు. విషాదం కథలోనే ఉంది. నటించిన ప్రేమకూ కలిగిన ప్రేమకూ నడుమ గీత చెరిగిపోవడాన్ని క్రమక్రమంగా చూపడమే సావిత్రి చేసిన పని. పాత్ర తనపై అదుపు కోల్పోతున్నకొద్దీ నటికి అదుపు మరింత అవసరం.

5. ముగింపు:
మేరీలో మాటకూ మనసుకూ, మాయాశశిరేఖలో వేషానికీ దేహానికీ, పద్మలో వృత్తికీ హృదయానికీ వైరుధ్యం. మూడింటిలోనూ పాత్ర నటిస్తున్నదన్న స్పృహను ప్రేక్షకునిలో నిలిపి ఉంచి, తన నటనను మాత్రం మరపింపజేయడం సావిత్రి ప్రత్యేకత. ఆమె వారసత్వాన్ని జీవితగాథలకే వదలక, సన్నివేశాల వారీగా అధ్యయనం చేయవలసిన అవసరం ఉంది.