'మా పసలపూడి' - 'పాలేరు': గోదావరి పల్లెను భద్రపరచిన రెండు దృక్పథాలు

ఉపోద్ఘాతం

పల్లెను అక్షరాల్లో భద్రపరచిన రచయిత అనగానే గోదావరి డెల్టా పాఠకులకు వెంటనే స్ఫురించే పేరు వంశీ. స్వాతి వారపత్రికలో బాపు బొమ్మలతో వెలువడిన 'మా పసలపూడి కథలు' ఆ పేరును స్థిరపరచాయి. ఇదే డెల్టాలో, రాజోలు ప్రాంతపు మామిడికుదురులో 1911లో జన్మించిన బోయి భీమన్నను మాత్రం దళిత సాహిత్యం అనే శీర్షిక కింద చదువుతాం. పల్లె రచయితగా చదవం. ఈ విభజన సమంజసమేనా అన్నది ఈ వ్యాసం పరిశీలించే ప్రశ్న.

1. 'మా' అనే సర్వనామం

తెలుగులో 'మన' శ్రోతను కలుపుకొంటుంది, 'మా' మినహాయిస్తుంది. కాబట్టి 'మా పసలపూడి' అన్నప్పుడు పాఠకుడు అతిథి, కథకుడు ఊరు చూపించే ఆతిథేయి. వంశీ కథల బలం ఇక్కడే ఉంది. కాలవగట్లు, వంటకాలు, వృత్తులు, వాడుక పలుకుబళ్లు అతిథికి చూపించే ఉత్సాహంతో వస్తాయి. పలు కులాలవారూ ఆ కథల్లో ఉన్నారు గనుక శ్రమజీవులను రచయిత విస్మరించారనడం సరికాదు. అయితే వారు కనిపించేది జ్ఞాపకం చేసుకొనే కథకుని చూపులో. జ్ఞాపకంలో కష్టం కూడా గడిచిపోయినదై కొంత తీపిని సంతరించుకొంటుంది.

2. వర్తమాన క్రియ

భీమన్న శీర్షికల వ్యాకరణం వేరు. 'పాలేరు' ఊరి పేరు కాదు, ఊళ్లోని ఒక పని సంబంధం పేరు. ఆ నాటకంలో పాలేరు పిల్లవాడు చదువుకొని అధికారి అవుతాడు. అంటే భద్రపరచవలసినదాన్ని కాక, మారవలసినదాన్ని రచయిత చూపారు. 1975లో కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం పొందిన 'గుడిసెలు కాలిపోతున్నై' శీర్షికలోని క్రియ వర్తమానంలో ఉంది. ఆ సంఘటన ఇంకా పూర్తికాలేదని ఆ క్రియే చెబుతోంది.

3. ప్రకృతి ఎవరి చేతిపని?

కోనసీమ పచ్చదనాన్ని సహజసిద్ధమని వర్ణించడం పరిపాటి. కాని ఈ పచ్చదనంలో అధికభాగం 1852లో పూర్తయిన ధవళేశ్వరం ఆనకట్ట, దాని కాలవలు, వాటిని తవ్విన చేతుల ఫలితం. కొబ్బరితోట అందం వెనుక దింపు, ఒలుపు కార్మికుల పని ఉంది. అందుచేత ఇక్కడ ప్రకృతివర్ణన, శ్రమవర్ణన రెండు వేర్వేరు ప్రక్రియలు కావు.

4. ఒక తులనాత్మక సూచన

ఫిన్లాండ్ రచయిత సిల్లన్‌పా 1939లో నోబెల్ బహుమతి పొందినది తన దేశపు రైతుల జీవితాన్ని, ప్రకృతితో వారి అనుబంధాన్ని చిత్రించినందుకు. అయితే ఆయన 1919 నాటి ప్రసిద్ధ నవల కథానాయకుడు ఒక నిరుపేద కౌలుదారు. 1918 అంతర్యుద్ధంలో అతణ్ణి కాల్చి చంపుతారు. అక్కడ ప్రకృతి రచయిత, పీడితుల రచయిత ఒక్కరే. మన సాహిత్యచరిత్ర ఆ రెండు పనులనూ ఇద్దరికి పంచి, ఇద్దరినీ వేర్వేరు అధ్యాయాల్లో ఉంచింది.

ముగింపు

పసలపూడి గౌతమికి తూర్పున ఉన్న ఊరు. భౌగోళికంగా అసలు కోనసీమ కాదు. 2022లో ఏర్పడిన కోనసీమ జిల్లాలో అది చేరింది. అదే ఏడాది మే 24న, ఆ జిల్లాకు అంబేద్కర్ పేరు చేర్చడంపై అమలాపురంలో జరిగిన ఆందోళనలో ఇళ్లు తగలబడ్డాయి. 'మా కోనసీమ' అనే మాటలోని 'మా'లో ఎవరున్నారన్న ప్రశ్న కేవలం సాహిత్య విషయం కాదని ఆ రోజు తెలిసింది. వంశీ పలుకుబడిని సేకరించే పరిశోధకుడు భీమన్నను పక్కన పెట్టుకొని చదివితే, ఆ పదాల పట్టికలో వంటకాల పేర్లతోపాటు కూలి, పాలికాపు, గుడిసె కూడా చేరతాయి. పాఠ్యప్రణాళికల్లో ఈ ఇద్దరినీ ఒకే యూనిట్‌లో ఉంచడం అందుకు తొలి అడుగు కాగలదు.