పనివాడి వేషం, పనిమనిషి రహస్యం: ‘గుండమ్మ కథ’, ‘హన్యో’ చిత్రాల తులనాత్మక పరిశీలన

‘ఇంటి గుట్టు లంకకు చేటు’ అన్న సామెత గుట్టు బయటపడితే ఇల్లు చెడుతుందని హెచ్చరిస్తుంది. గుట్టు లోపలే ఉంటే ఇల్లు నిలుస్తుందా అన్న ప్రశ్నకు రెండేళ్ల వ్యవధిలో వచ్చిన రెండు కుటుంబ కథాచిత్రాలు భిన్నమైన సమాధానాలిచ్చాయి. ఒకటి కిమ్ కి-యంగ్ రూపొందించిన కొరియన్ చిత్రం ‘హన్యో’ (పనిమనిషి, 1960). మరొకటి కమలాకర కామేశ్వరరావు దర్శకత్వంలో విజయా సంస్థ అందించిన ‘గుండమ్మ కథ’ (1962). దీనికి కన్నడ చిత్రం ‘మనె తుంబిద హెణ్ణు’ (1958) ఆధారం. రెండింటిలోనూ రహస్యం పనివారి రాకతోనే ఇంట అడుగుపెడుతుంది.

‘గుండమ్మ కథ’లో రామభద్రయ్య కొడుకు ఆంజనేయప్రసాద్ ‘అంజి’గా గుండమ్మ ఇంట పనికి చేరతాడు. అతడెవరో ప్రేక్షకులకు తెలుసు, గుండమ్మకు తెలియదు. ఎరుకలోని ఈ తేడాయే హాస్యానికి మూలం; డి.వి. నరసరాజు సంభాషణలు దానిని పోషించాయి. ‘హన్యో’లో స్థితి తలకిందులు. సంగీతం నేర్పే గృహస్థుకు పనిమనిషితో ఏర్పడిన సంబంధం భార్యకు తెలుస్తుంది, తెలియనిది లోకానికే. భర్త ఉద్యోగం, భార్య కుట్టుమిషను మీద కష్టపడి సమకూర్చుకొన్న రెండంతస్తుల ఇల్లు నిలవాలంటే నోరు మెదపరాదు. మేడమెట్లు, ఎలుకల మందు ఆ భయానికి దృశ్యరూపాలు. గుట్టు దాచినకొద్దీ ఇల్లు కూలుతుంది.

ఈ పోలికలో కీలకమైనది శ్రమకు దక్కిన విలువ. సవతి కూతురు లక్ష్మి సొంత ఇంట జీతంలేని పనిమనిషి. రాజా పెళ్లి తరువాత పేదవాడిగా నటించి సరోజకు కాయకష్టం రుచి చూపుతాడు. పని చేయడం నామోషీ కాదన్న సందేశం చిత్రంలో స్పష్టమే. అయినా అంజి, రాజా ధనికుని కొడుకులు. వారి శ్రమ వేషమున్నంతవరకే. లక్ష్మి కష్టం తీరినది కూడా ధనికుని కోడలైనందువల్లనే. నిజంగా పనిచేసి బతికే మనిషికి ఆ కుటుంబంలో ఏ స్థానముండేదన్న ప్రశ్నను వేషం దాటవేసింది.

కిమ్ చిత్రంలోని పనిమనిషికి తీసివేయదగిన వేషమేదీ లేదు. అందుకే ఆమెను కలుపుకొనే దారి ఆ ఇంటికి దొరకదు. అయితే చివరలో గృహస్థు ప్రేక్షకులవైపు తిరిగి నవ్వుతూ మాట్లాడడంతో, జరిగినదంతా వార్తాపత్రిక చదివి అల్లుకొన్న ఊహగా మారిపోతుంది. అక్కడ వేషం, ఇక్కడ ఊహ మధ్యతరగతి ఇంటిని కాపాడాయి. ‘గుండమ్మ కథ’ను కేవలం హాస్యచిత్రంగా పరిగణించే విమర్శ ఈ కాపుదలను గుర్తించలేదు.